బడిలో, కోర్టులో, సంక్షేమ కార్యాలయంలో అందరికీ చోటు: శ్రీకాకుళం, విజయనగరం ప్రాంతాల వారు తరచుగా అడిగే ప్రశ్నలు

శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లోనూ, 2022 ఏప్రిల్‌లో ఈ రెండింటిలోని కొన్ని మండలాలతో ఏర్పడిన పార్వతీపురం మన్యం జిల్లాలోనూ తల్లిదండ్రులు, ఉపాధ్యాయులు, లా విద్యార్థులు, సామాజిక సేవ చదువుతున్నవారు పదేపదే అడిగే ప్రశ్నలకు ఇక్కడ జవాబులు ఉన్నాయి. పేరు రిజిస్టరులో ఎక్కించుకుని, ఇక మారవలసింది వచ్చిన మనిషే అనుకునే సంస్థ ఎవరినీ నిజంగా చేర్చుకున్నట్టు కాదనీ, మారవలసింది ఆ సంస్థ పద్ధతేననీ ఈ జవాబులు రాసినవారి అభిప్రాయం. మన చట్టాలు కూడా చాలాచోట్ల ఇదే చెబుతాయి. వాటిని హక్కుగా కాక దయగా మార్చి చూపడం మాత్రం ఆఫీసులకు అలవాటైపోయింది.

వలస వెళ్లి తిరిగి వచ్చాం. టీసీ లేదు, జనన ధ్రువపత్రం లేదు. బడిలో చేర్చుకోలేమంటున్నారు. అలా అనవచ్చా?

అనకూడదు. 2009లో వచ్చి, 2010 ఏప్రిల్ 1 నుంచి అమలులో ఉన్న విద్యా హక్కు చట్టం ఆరు నుంచి పద్నాలుగేళ్ల లోపు పిల్లలందరికీ వర్తిస్తుంది. వయసు రుజువు లేదని ప్రవేశం నిరాకరించరాదని 14వ సెక్షను, గడువు దాటి వచ్చినా కాదనరాదని 15వ సెక్షను స్పష్టంగా చెబుతున్నాయి. ప్రభుత్వ, ఎయిడెడ్ బడుల మధ్య మారేటప్పుడు టీసీ ఆలస్యమైందన్న సాకుతో పిల్లలను బయట ఉంచకూడదని 5వ సెక్షను చెబుతోంది. టీసీ ఇవ్వకుండా తాత్సారం చేసే ప్రధానోపాధ్యాయుడిపై శాఖాపరమైన చర్య తీసుకోవచ్చని కూడా అదే సెక్షనులో ఉంది. ఆధార్ లేదని బడిలో సీటు కాదనరాదని సుప్రీంకోర్టు 2018 సెప్టెంబరు 26 నాటి తీర్పులో చెప్పింది.

మన తీరంలో వలస అంతా ఒక తీరున ఉండదు. చేపల వేటకు గుజరాత్‌లోని వేరావల్ వెళ్లేది ఎక్కువగా మగవాళ్లు. ఇల్లూ పిల్లలూ ఆడవాళ్ల చేతుల్లో ఇక్కడే ఉంటారు. హైదరాబాద్, చెన్నై భవన నిర్మాణ పనులకు వెళ్లేవారు మాత్రం తరచుగా పిల్లలను వెంటబెట్టుకుని వెళతారు. అలా రెండు మూడేళ్లు బడికి దూరమైన పదేళ్ల పిల్లవాడిని ఒకటో తరగతి పిల్లల మధ్య కూర్చోబెట్టకూడదు. వయసుకు తగిన తరగతిలో చేర్చి, వెనకబడిన పాఠాలకు ప్రత్యేక శిక్షణ ఇవ్వాలని 4వ సెక్షను నిర్దేశిస్తోంది.

నిరాకరణ దాదాపు ఎప్పుడూ నోటిమాటగానే ఉంటుంది. అందుకే దరఖాస్తును కాగితం మీద ఇవ్వండి. బడిలో తీసుకోకపోతే ఎంఈఓ (మండల విద్యాశాఖాధికారి) కార్యాలయంలో ఇచ్చి, నకలు మీద తేదీతో ముద్ర వేయించుకోండి. అంతవరకు గొంతు పెంచి మాట్లాడినవారు ముద్ర పడిన కాగితాన్ని చూడగానే సర్దుకోవడం తరచుగా కనిపించేదే.

ప్రైవేటు బడుల్లో పేద పిల్లలకు 25 శాతం సీట్లు ఎవరికి వర్తిస్తాయి?

విద్యా హక్కు చట్టం 12(1)(సి) ప్రకారం మైనారిటీయేతర ప్రైవేటు బడులు ప్రవేశ తరగతిలో నాలుగో వంతు సీట్లను ఈ పిల్లలకు ఇవ్వాలి. ఆంధ్రప్రదేశ్‌లో ఆ ఇరవై అయిదులో అనాథలు, హెచ్ఐవీ బాధిత కుటుంబాల పిల్లలు, దివ్యాంగులకు 5 శాతం, ఎస్సీలకు 10, ఎస్టీలకు 4, బలహీన వర్గాల వారికి 6 శాతం చొప్పున కేటాయించారు. దరఖాస్తులు ఆన్‌లైన్‌లో, ప్రకటించిన గడువులోనే తీసుకుంటారు. గ్రామ సచివాలయంలో అడిగితే వివరాలు చెబుతారు.

సీటు దొరకడం సగం పని మాత్రమే. ఇలా చేరిన పిల్లలను వేరే సెక్షనులో కూర్చోబెట్టడం, హాజరు పట్టీలో వారి పేర్ల పక్కన ఎర్ర సిరాతో గుర్తు పెట్టడం, ఫీజు కట్టని వారి పేర్లను అందరి ముందూ చదివేటప్పుడు వీరివి కూడా చదవడం వంటివి వేరుచేసి చూడటం కిందికే వస్తాయి. వేరు తరగతులు, వేరు వేళలు పనికిరావని కేంద్రం రూపొందించిన నమూనా నియమాలు చెబుతున్నాయి. మానసికంగా వేధించడాన్ని చట్టంలోని 17వ సెక్షను నిషేధించింది.

మా బాబుకు మేధో వైకల్యం ఉంది. మామూలు బడికి పంపాలా, ప్రత్యేక పాఠశాలకా?

ఆ నిర్ణయం మీది, బడిది కాదు. 2016లో వచ్చి, 2017 ఏప్రిల్ 19 నుంచి అమలులో ఉన్న దివ్యాంగుల హక్కుల చట్టం 21 రకాల వైకల్యాలను గుర్తించింది. వాటిలో నలభై శాతం, అంతకు మించిన వైకల్యం ఉన్న పిల్లలు ఆరు నుంచి పద్దెనిమిదేళ్ల వరకు దగ్గరలోని బడిలో గానీ, తాము కోరిన ప్రత్యేక పాఠశాలలో గానీ ఉచితంగా చదువుకోవచ్చని 31వ సెక్షను చెబుతోంది. ప్రభుత్వం నడిపే, సాయం చేసే, గుర్తింపు ఇచ్చే విద్యాసంస్థలన్నీ పిల్లలను వివక్ష లేకుండా చేర్చుకుని, వారి అవసరాలకు తగిన ఏర్పాట్లు చేయాలన్నది 16వ సెక్షను సారాంశం. అందువల్ల "మా దగ్గర అలాంటి పిల్లలకు సౌకర్యం లేదండీ" అని ప్రధానోపాధ్యాయుడు అనడం తన బాధ్యతను తాను నెరవేర్చలేదని ఒప్పుకోవడమే అవుతుంది.

మన జిల్లాల్లో ప్రత్యేక అవసరాలున్న పిల్లల కోసం సమగ్ర శిక్ష కింద భవిత కేంద్రాలు నడుస్తున్నాయి. అక్కడి ఐఈఆర్టీలు, అంటే విలీన విద్య ఉపాధ్యాయులు, పిల్లల స్థాయిని బట్టి పనులు నేర్పుతారు. బడికి రాలేని పిల్లల ఇళ్లకు వెళ్లి కూడా నేర్పే ఏర్పాటు ఉంది. అయితే భవితలో పేరు నమోదైందని మామూలు బడి తన బాధ్యత దించుకోకూడదు. బాబు పేరు బడి రిజిస్టరులోనే ఉండి, శరీరం మాత్రం రోజంతా భవితలోనో ఇంటి దగ్గరో ఉంటే అది లెక్కల కోసం చేసిన చేరిక.

బడికి వెళ్లినప్పుడు ర్యాంపు ఉందా అని అడిగి ఊరుకోవద్దు. దాని మీద ఏముందో చూడండి. మధ్యాహ్న భోజనం బియ్యం బస్తాలు ర్యాంపుకు అడ్డంగా పేర్చి ఉండటం, దివ్యాంగుల మరుగుదొడ్డికి తాళం వేసి చీపుళ్లు, బకెట్లు దాచుకోవడం మన బడుల్లో అరుదైన దృశ్యం కాదు. కట్టడానికి నిధులు ఖర్చయ్యాయి, ఫొటో కూడా పంపారు. వాడవలసిన పిల్ల మాత్రం మధ్యాహ్నం దాకా నీళ్లు తాగకుండా బిగబట్టుకుని, ఇంటికి వెళ్లాకే మరుగుదొడ్డికి వెళుతుంది.

సదరం ధ్రువపత్రం, అంటే వైకల్య శాతం తెలిపే పత్రం, ఇంకా రాలేదు. అంతవరకు పరీక్షల్లో సహాయం అడగకూడదా?

అడగవచ్చు. రిజర్వేషన్, పింఛను వంటి వాటికి నలభై శాతం ధ్రువపత్రం కావాలి గానీ, తరగతిలో ముందు వరుసలో కూర్చోబెట్టమని, పెద్ద అక్షరాల ప్రశ్నపత్రం ఇమ్మని కోరడానికి ఆ శాతంతో పని లేదు. రాయడంలో ఇబ్బంది ఉన్న అభ్యర్థికి నలభై శాతం వైకల్యం లేకపోయినా రాతగాడిని ఇవ్వాలని 2021లో వికాస్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. అర్హులైన దివ్యాంగులకు గంటకు ఇరవై నిమిషాలకు తగ్గకుండా అదనపు సమయం ఇవ్వాలని కేంద్రం 2018 మార్గదర్శకాల్లో పేర్కొంది. పరీక్ష రోజున అడిగితే ఎవరూ ఏమీ చేయలేరు. ఫీజు కట్టేటప్పుడే రాతపూర్వకంగా ఇవ్వాలి.

చూపు లేని అమ్మాయి లా చదవవచ్చా? చదివినా జడ్జి కాలేదంటున్నారు.

చదవవచ్చు, జడ్జి కూడా కావచ్చు. చూపు లేదన్న ఒక్క కారణంతో న్యాయాధికారి పదవికి అనర్హులని చెప్పకూడదని 2025 మార్చి 3న సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. దృష్టి లోపం ఉన్నవారిని పక్కన పెట్టిన మధ్యప్రదేశ్ నియమాన్ని కొట్టివేసింది. ప్రభుత్వ, ఎయిడెడ్ ఉన్నత విద్యాసంస్థల్లో నలభై శాతం వైకల్యం ఉన్నవారికి అయిదు శాతానికి తగ్గకుండా సీట్లు, గరిష్ఠ వయసులో అయిదేళ్ల సడలింపు ఉన్నాయి.

ఇది విజయనగరానికి కొత్త పాఠం కాదు. 1919లో ఇక్కడ సంగీత కళాశాల ప్రారంభమైంది చూపు లేని ఒక కుర్రవాడి సంగీతాభిలాషను రాజావారు గమనించడం వల్లనేనని ఊళ్లో ఇప్పటికీ చెప్పుకుంటారు. ఆదిభట్ల నారాయణదాసు ఆ కళాశాలకు తొలి ప్రధానాచార్యులు. చూపు మందగించిన ద్వారం వెంకటస్వామి నాయుడు అదే కళాశాలలో వయొలిన్ ఆచార్యులై, తరువాత ప్రధానాచార్యులు కూడా అయ్యారు.

సవర పిల్లలు ఒకటో తరగతిలోనే వెనకబడుతున్నారు. తెలుగు త్వరగా నేర్పేస్తే సరిపోదా?

సరిపోదు. సీతంపేట, భామిని, మందస, మెళియాపుట్టి కొండ గ్రామాల్లో అయిదేళ్ల సవర పిల్ల తన భాషలో కథ చెప్పగలదు, మేకలు లెక్క పెట్టగలదు, ఏ చెట్టు ఆకు ఎందుకు పనికొస్తుందో చెప్పగలదు. సవర ముండా కుటుంబానికి చెందిన భాష. తెలుగుతో దానికి చుట్టరికం లేదు. ఆ పిల్ల బడిలో తొలిరోజే అర్థం కాని మాటల మధ్య కూర్చుని మౌనంగా ఉండిపోతే, ఆ మౌనాన్ని తెలివితక్కువతనంగా రాసుకోవడం పెద్దల పొరపాటు. గిరిజన పిల్లలందరిదీ ఒకే ఇబ్బంది అనుకోవడం కూడా సరికాదు. జాతాపుల్లో చాలామంది ఇంట్లో తెలుగే మాట్లాడతారు. వారికి అవసరమైన సహాయం వేరు.

భాషా మైనారిటీల పిల్లలకు ప్రాథమిక విద్య మాతృభాషలో అందేలా చూడాలని రాజ్యాంగంలోని 350ఎ అధికరణం చెబుతోంది. వీలైనంత వరకు బోధన మాతృభాషలోనే ఉండాలని విద్యా హక్కు చట్టం 29వ సెక్షనులో ఉంది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2004 ప్రాంతంలోనే సవరతో సహా ఎనిమిది గిరిజన భాషల్లో బహుభాషా బోధన మొదలుపెట్టి, తెలుగు లిపిలో వాచకాలు తయారుచేశారు. సవరకు సొంత లిపి కూడా ఉంది. 1936లో మంగేయి గొమాంగో రూపొందించిన ఆ సొరంగ్ సొంపెంగ్ ఒడిశా వైపు వాడుకలో ఉంది. బహుభాషా పద్ధతిలో మొదట ఇంటి భాషలో చదవడం, రాయడం వస్తుంది. ఆ పక్కనే తెలుగు చెవికి అలవాటవుతుంది. తరువాత తెలుగు వాచకం చేతికి వస్తుంది. తెలుగును ఇక్కడ ఎవరూ వద్దనడం లేదు. తెలుగు గట్టిగా రావాలంటే ముందు పిల్ల బడిలో నోరు విప్పాలి.

ఈ పని మన నేల మీద వంద సంవత్సరాలకు పూర్వమే జరిగింది. 1863లో శ్రీకాకుళం దగ్గరి పర్వతాలపేటలో పుట్టిన గిడుగు రామమూర్తి పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడిగా ఉంటూ సవర భాష నేర్చుకుని, వాచకాలు రాసి, సవర పిల్లల కోసం బడులు పెట్టించారు. ఆయన పుట్టిన ఆగస్టు 29న తెలుగు భాషా దినోత్సవం జరుపుకుంటాం. ఆ సభల్లో వ్యావహారిక భాష గురించి మాట్లాడినంతగా సవర బడుల గురించి మాట్లాడితే బాగుండును.

అసలు చిక్కు ఉపాధ్యాయుల దగ్గర ఉంది. షెడ్యూల్డ్ ప్రాంతాల్లో టీచరు పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే ఇవ్వాలన్న 2000 నాటి మూడో నంబరు జీవోను నూటికి నూరు శాతం రిజర్వేషన్ చెల్లదంటూ సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం 2020 ఏప్రిల్ 22న కొట్టివేసింది. రిజర్వేషన్ పరిమితి గురించి ఎవరి అభిప్రాయం ఏదైనా, పిల్లల భాష తెలిసిన మనిషి తరగతి గదిలో ఉండాలన్న అవసరం ఆ తీర్పుతో తీరిపోలేదు. స్థానిక యువతను భాషా సహాయకులుగా తీసుకోవడానికి, కొత్తగా చేరే టీచర్లకు సవర నేర్పించడానికి ఏ తీర్పూ అడ్డు రాదు.

ఇచ్ఛాపురం వైపు ఒడియా పిల్లల సంగతి?

అక్కడ ఒడియా మాధ్యమం బడులు ఉన్నాయి. పై జవాబులో చెప్పిన 350ఎ అధికరణం వారికీ వర్తిస్తుంది.

మా సిక్కోలు యాస వింటే టీచరే నవ్వుతున్నారు. ఇది ఫిర్యాదు చేయదగిన విషయమేనా?

ఒకసారి నవ్వితే మాట్లాడి సరిచేయవచ్చు. రోజూ నవ్వితే అది మానసిక వేధింపు. "ఏటి", "ఎలిపోనాడు" అని పిల్లవాడు జవాబు మొదలుపెట్టగానే తరగతి అంతా నవ్వితే, ఆ తరువాత వాడు చేయి ఎత్తడు. రాసేటప్పుడు ప్రామాణిక భాష నేర్పాలి, అందులో సందేహం లేదు. కానీ ఇంటి మాటను తప్పుగా చూపి నేర్పనక్కరలేదు. సినిమాల్లో ఉత్తరాంధ్ర యాసను పనివాళ్లకో విదూషకుడికో అంటగట్టడం చూసి చూసి మనవాళ్లే దాన్ని చిన్నచూపు చూడటం మొదలుపెట్టారు. కాలేజీ కోసం విజయవాడ, హైదరాబాద్ వెళ్లే పిల్లలను అడిగితే ఈ సంగతి ఇంకా వివరంగా చెబుతారు.

వంట మనిషి కులం చూసి కొందరు పిల్లలను బడి భోజనానికి పంపడం లేదు. మరోచోట పళ్లేలు వేరుగా పెడుతున్నారు. ఇది ఊరి తగువా, కేసా?

కేసే. అంటరానితనాన్ని రాజ్యాంగంలోని 17వ అధికరణం రద్దు చేసింది. పాటించడం నేరమని 1955 నాటి పౌర హక్కుల పరిరక్షణ చట్టం చెప్పింది. 1989 నాటి ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టానికి చేసిన సవరణలు 2016 జనవరి 26 నుంచి అమలులోకి వచ్చాక, సామాజిక బహిష్కరణ, నీటి వనరుల దగ్గర అడ్డగించడం, బడిలోకి, ఆసుపత్రిలోకి రాకుండా ఆపడం వంటివి విడివిడి నేరాలుగా నమోదవుతున్నాయి. దర్యాప్తు డీఎస్పీ స్థాయికి తగ్గని అధికారి చేయాలి. సాధారణంగా ముందస్తు బెయిలు ఉండదు. ఎఫ్ఐఆర్‌కు ముందు ప్రాథమిక విచారణ అవసరం లేదని 2018 సవరణ తేల్చింది. ఫిర్యాదు తీసుకోకుండా కావాలని నిర్లక్ష్యం చేసే ఎస్సీ, ఎస్టీయేతర ప్రభుత్వోద్యోగికి ఆరు నెలల నుంచి ఏడాది వరకు జైలు శిక్ష పడవచ్చు. 14566 ఈ చట్టానికి సంబంధించిన జాతీయ హెల్ప్‌లైన్.

అయితే బడిలో తొలి అడుగు పోలీసులది కాకూడదు. ప్రధానోపాధ్యాయుడు, మిగతా టీచర్లు అదే వంట, అదే వరుసలో, పిల్లల పక్కన కూర్చుని తినాలి. ఎంతో చిన్న పనిగా కనిపించే ఇది చాలా ఊళ్లలో జరగదు. టీచరు తన క్యారేజీ విప్పుకుని స్టాఫ్ రూములో తింటూ పిల్లలకు సమానత్వం పాఠం చెబితే, పిల్లలు పాఠాన్ని కాదు, క్యారేజీనే చూస్తారు. టీచరు అలా కూర్చున్నాక కూడా తల్లిదండ్రులు పట్టు వదలకపోతే అప్పుడు చట్టం మాట చెప్పాలి.

పెద్దమనుషులు కూర్చుని రాజీ కుదర్చడం గురించి ఒక మాట. అత్యాచారాల నిరోధక చట్టం కింద వచ్చే నేరాలు రాజీకి వీలైనవి కావు. రాజీకి వీలుకాని నేరాలను లోక్ అదాలత్ కూడా తీసుకోలేదు. ఊళ్లో చిన్న అవమానాలను "పోనీలే" అంటూ ఎన్నాళ్లు దాటవేసినా, భూమి దగ్గరో నీటి దగ్గరో అవి పెద్దవవుతాయి. 2012 జూన్ 12న వంగర మండలం లక్షింపేటలో మడ్డువలస జలాశయం నిర్వాసితుల భూముల దగ్గర మొదలైన వివాదం దళితుల హత్యాకాండగా మారింది. అయిదుగురి ప్రాణాలు పోయాయి. అప్పుడు శ్రీకాకుళం జిల్లాలో ఉన్న ఆ మండలం ఇప్పుడు విజయనగరంలో ఉంది.

రిజర్వేషన్ ఉంది కదా, ఇంకా ఏం కావాలి?

రిజర్వేషన్ తలుపు తెరుస్తుంది. లోపల ఎలా చూస్తారన్నది దాని పరిధిలో లేదు. పైగా తలుపు కూడా అందరికీ ఒకేలా తెరుచుకోలేదు. రాష్ట్రంలో ఎస్సీలకు 15 శాతం ఉన్నా, పారిశుద్ధ్య పనుల్లో తరతరాలుగా ఉన్న రెల్లి వంటి కులాల పిల్లలు ఆ వాటాలో వెనకబడే ఉన్నారు. ఎస్సీల్లో వర్గీకరణ చేయవచ్చని 2024 ఆగస్టు 1న సుప్రీంకోర్టు చెప్పాక, ఆంధ్రప్రదేశ్ 2025లో 59 ఎస్సీ కులాలను మూడు గ్రూపులు చేసింది. రెల్లి, దాని ఉపకులాలు కలిపి 12 కులాలకు 1 శాతం, మాదిగ గ్రూపులోని 18 కులాలకు 6.5, మాల గ్రూపులోని 29 కులాలకు 7.5 శాతం కేటాయించింది. రెల్లి కుటుంబాలు ఎక్కువగా ఉన్నది ఉత్తరాంధ్రలోనే కాబట్టి ఆ ఒక్క శాతం ప్రభావం ఇక్కడి కాలేజీల్లోనే ముందు కనిపించాలి.

సీటు వచ్చిన విద్యార్థిని మొదటి నెలలోనే ర్యాంకు ఎంత అని నిలదీయడం, స్కాలర్‌షిప్ రాలేదని హాల్‌టికెట్ ఆపడం, ప్రాక్టికల్ జట్లను ఇంటి పేర్లు చూసి విడదీయడం వంటివి తలుపు లోపల జరిగేవి. యూజీసీ 2012 నిబంధనల ప్రకారం ఉన్నత విద్యాసంస్థల్లో సమాన అవకాశాల విభాగం, వివక్ష ఫిర్యాదులు వినే అధికారి ఉండాలి. మీ కాలేజీలో ఆ అధికారి ఎవరో నోటీసు బోర్డులో వెతికి చూడండి. లేకపోతే మొదటి ఫిర్యాదు అదే కావచ్చు.

ట్రాన్స్‌జెండర్ విద్యార్థి చేరితే బడి ఏం చేయాలి?

చదువు చెప్పాలి. ట్రాన్స్‌జెండర్ వ్యక్తులకు మూడో జెండర్‌గా గుర్తింపు ఉందని 2014 ఏప్రిల్ 15న సుప్రీంకోర్టు చెప్పింది; విద్యాసంస్థలు వివక్ష చూపకూడదని 2019 నాటి చట్టం నిర్దేశించింది. మరుగుదొడ్డి, హాస్టల్ గది, పిలిచే పేరు ఎలా ఉండాలన్నది విద్యార్థిని విడిగా అడిగి నిర్ణయించాలి; తరగతి ముందు కాదు.

పదో తరగతి కాగానే అమ్మాయికి పెళ్లి చేస్తున్నారని తెలిసింది. టీచరుగా నేనేం చేయాలి?

2006 నాటి బాల్య వివాహాల నిషేధ చట్టం ప్రకారం పద్దెనిమిదేళ్లు నిండని అమ్మాయికి పెళ్లి చేయడం నేరం. పిల్లల హెల్ప్‌లైన్ 1098కు ఫోన్ చేస్తే మీ పేరు బయటపెట్టరు. పెళ్లికి ముందే కోర్టు ద్వారా ఆపించే వీలు కూడా ఉంది. కానీ పెళ్లి ఆగిన మరుసటి రోజు ఆ అమ్మాయి ఇంట్లోనే ఉంటుందని మరవకూడదు. కస్తూర్బా విద్యాలయంలోనో గురుకులంలోనో ఇంటర్ సీటు ఎక్కడ ఉందో ముందే కనుక్కుని, ఆ దరఖాస్తుతో సహా ఇంటికి వెళ్లే టీచరు మాటకు విలువ ఉంటుంది. చాలా ఇళ్లలో తల్లిదండ్రుల భయం పెళ్లి గురించి కాదు. జూనియర్ కాలేజీకి రోజూ బస్సులో వెళ్లి రావడం గురించి.

కోర్టుకు వెళ్లే స్తోమత లేదు. ఉచిత న్యాయ సహాయం ఎవరికి ఇస్తారు?

1987 నాటి న్యాయ సేవాధికార సంస్థల చట్టం 12వ సెక్షను ప్రకారం ఎస్సీ, ఎస్టీలు, మహిళలు, పిల్లలు, దివ్యాంగులు, మానవ అక్రమ రవాణా బాధితులు, విపత్తు బాధితులు, పరిశ్రమల కార్మికులు, కస్టడీలో ఉన్నవారు ఆదాయంతో సంబంధం లేకుండా అర్హులు. మిగతావారికి ఆదాయ పరిమితి ఉంటుంది. శ్రీకాకుళం, విజయనగరం జిల్లా కోర్టుల్లో జిల్లా న్యాయ సేవాధికార సంస్థలు ఉన్నాయి. 15100కు ఫోన్ చేసినా దారి చూపుతారు. తెల్ల కాగితం మీద రాసిన అర్జీ చాలు. రాయడం రాకపోతే అక్కడి పారా లీగల్ వాలంటీరు రాసిపెడతారు.

ఉచిత లాయరు మనసు పెట్టి వాదించరన్న అనుమానం జనంలో ఉంది. అది ప్రతిసారీ నిజం కాదు, ప్రతిసారీ అబద్ధమూ కాదు. కేటాయించిన న్యాయవాది వాయిదాలకు రాకపోతే వేరొకరిని నియమించమని అదే సంస్థకు అర్జీ పెట్టుకోవచ్చు.

కోర్టులో మాట్లాడే భాష నాకు అర్థం కాదు. ఎవరైనా చెప్పేవారు ఉంటారా?

నేర విచారణలో నిందితుడికి తెలియని భాషలో సాక్ష్యం చెబితే, దాన్ని అతనికి తెలిసిన భాషలో బహిరంగ కోర్టులోనే వివరించాలి. ఇది పాత నేర విచారణ స్మృతిలో ఉన్నదే. 2024 జూలై 1 నుంచి అమలవుతున్న భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో కూడా ఉంది. సవర పెద్దాయన తల ఊపాడంటే అర్థమైందని కాదు. అర్థమైందా అని లాయరు అడిగినప్పుడు కాదనడానికి మొహమాటపడేవారే ఎక్కువ. అనువాదకుడు కావాలని మొదటి వాయిదాలోనే మెమో వేయించుకోవాలి. వినికిడి లోపం ఉన్నవారు సైగల భాషలో సాక్ష్యం చెప్పడానికీ చట్టంలో ఏర్పాటు ఉంది.

సోషల్ వర్కర్ అంటే దానధర్మాలు చేసేవారే కదా? చట్టంలో వారికి పని ఏముంది?

చాలా ఉంది. 2015 నాటి బాల న్యాయ చట్టం ప్రకారం, నేరారోపణ ఎదుర్కొనే పిల్లల కేసులు చూసే బాల న్యాయ మండలిలో మేజిస్ట్రేటుతో పాటు ఇద్దరు సామాజిక కార్యకర్తలు సభ్యులు. వారిలో కనీసం ఒకరు మహిళ కావాలి. రక్షణ అవసరమైన పిల్లల విషయం చైర్‌పర్సన్, నలుగురు సభ్యులు ఉండే బాలల సంక్షేమ కమిటీ చూస్తుంది. పిల్లవాడి ఇంటి పరిస్థితి, చదువు, స్నేహాలు, నేరానికి దారితీసిన సందర్భం వివరిస్తూ పదిహేను రోజుల్లో ఇవ్వవలసిన సామాజిక పరిశోధన నివేదిక మీదే మండలి నిర్ణయం చాలావరకు ఆధారపడుతుంది.

ఆ నివేదికలో "కుటుంబ నిర్లక్ష్యం వల్ల" అని ఒక్క వాక్యం రాసి ముగించే అలవాటు మానుకోవాలి. తండ్రి చెన్నైలో తాపీ పనికి వెళ్లి, తల్లి జీడిపప్పు పరిశ్రమలో రోజంతా గింజలు వలుస్తుంటే దాన్ని నిర్లక్ష్యం అని రాయడం అన్యాయం. పలాసలో జీడి నూనెకు తొక్క ఊడిన తల్లి చేతులు చూసినవారు అలా రాయలేరు. ఎచ్చెర్లలోని అంబేడ్కర్ విశ్వవిద్యాలయంలో ఎంఎస్‌డబ్ల్యూ చదివే విద్యార్థులకు క్షేత్ర పని ఉంటుంది. అందులో సర్వే ఫారాలు నింపడం కన్నా ఇలాంటి ఒక ఇంట్లో కూర్చుని, వారి మాటల్లోనే విని రాయడం ఎక్కువ నేర్పుతుంది.

అందరినీ ఒకే తరగతిలో కూర్చోబెడితే బాగా చదివే పిల్లలకు నష్టం కాదా?

ఒక్క టీచరుకు అయిదు తరగతులు అప్పజెప్పిన బడిలో అందరికీ నష్టమే. దానికి కారణం దివ్యాంగ పిల్లవాడో సవర పిల్లో కాదు. నెమ్మదిగా చెప్పడం, బొమ్మతో చెప్పడం, మళ్లీ అడగనివ్వడం వంటి మార్పులు ఎవరి కోసం మొదలుపెట్టినా తరగతి అంతటికీ పనికొస్తాయి. టీచర్ల కొరతను అడగవలసిన చోట అడగకుండా, కోపాన్ని పక్క బెంచీ పిల్లవాడి మీద చూపడం మన తల్లిదండ్రుల్లో తరచుగా కనిపిస్తుంది. చట్టం ప్రకారం బడి యాజమాన్య కమిటీలో నాలుగింట మూడు వంతులు తల్లిదండ్రులు, మొత్తంలో సగం మంది మహిళలు ఉండాలి. బలహీన వర్గాల పిల్లల తల్లిదండ్రులకు వారి సంఖ్యను బట్టి చోటు ఇవ్వాలి. టీచర్ల కొరత మీద తీర్మానం చేసి పంపవలసింది ఆ కమిటీయే.

ఫిర్యాదు చేస్తే మా పిల్లవాడి మీద కక్ష కడతారేమో?

ఆ భయం అర్థం చేసుకోదగినదే. అందుకే ఒక్కరుగా కాక, అదే ఇబ్బంది ఉన్న ఇద్దరు ముగ్గురు తల్లిదండ్రులు కలిసి సంతకాలు చేయడం మంచిది. మొదట బడి యాజమాన్య కమిటీకి, తరువాత ఎంఈఓకు ఇవ్వండి. విద్యా హక్కు చట్టం 32వ సెక్షను ప్రకారం స్థానిక సంస్థకు ఇచ్చిన రాతపూర్వక ఫిర్యాదును మూడు నెలల్లో తేల్చాలి. అక్కడ న్యాయం జరగకపోతే రాష్ట్ర బాలల హక్కుల కమిషన్‌కు అప్పీలు చేసుకోవచ్చు. కులపరమైన కేసుల్లో బాధితులకు, సాక్షులకు రక్షణ కోరే హక్కును అత్యాచారాల నిరోధక చట్టం 15ఎ సెక్షను ఇస్తోంది. సోమవారం కలెక్టరేట్‌లో జరిగే ప్రజా సమస్యల పరిష్కార వేదికలో కూడా అర్జీ ఇవ్వవచ్చు. అర్జీలో పిల్లవాడి పేరు కన్నా జరిగిన విషయం, తేదీ, చూసినవారి వివరాలు ముఖ్యం. ఇచ్చిన రసీదు నంబరు దాచుకోండి. తరువాత ఎవరిని ఏమి అడగాలన్నా ముందు ఆ నంబరే అడుగుతారు.